గోతికంటే ముందు దిగిన పాట

ఎర్రమన్ను దాటితివా, ఓయన్న?
దాటితిని, దాటితిని, ఓ చెల్లి.
నల్లరాయి దాటితివా, ఓయన్న?
దాటితిని, దాటితిని, ఓ చెల్లి...

ఆ తర్వాత బూడిదమన్ను. దాని తర్వాత తెల్లసుద్ద. ఐదోది జిగటమన్ను. ఆరోది మాత్రం అమ్మమ్మకు గుర్తు రాదు. అరవై ఏళ్ళుగా రాలేదు. నాలుక చివరిదాకా వస్తుంది, గడప దగ్గర చుట్టంలా ఆగిపోతుంది, వెనక్కి వెళ్ళిపోతుంది.

బావులు తవ్వేవాళ్ళు పని కోసం కట్టుకున్న పాట అది. అమ్మమ్మ వాళ్ళ నాన్న బావులు తవ్వే మేస్త్రి. నడుముకు మోకు కట్టుకుని గోతిలోకి దిగేవాడు వాళ్ళన్న. గట్టు మీద కూర్చుని పాడే పని ఎనిమిదేళ్ళ చెల్లెలిది. తట్టలో పైకొచ్చే మన్ను రంగు మారగానే పైనుంచి పాటలో అడగాలి, ఫలానా మన్ను దాటావా అని. అంత లోతునుంచి గొంతు సరిగ్గా వినబడదు కాబట్టి కిందివాడు గునపంతో రాయి మీద ఒక్క దెబ్బ కొడతాడు. దాటాను అని దానర్థం. మూడు దెబ్బలు కొడితే నీళ్ళు తగిలాయి, మోకు లాగండి అని.

ఇప్పుడు ఆమె గిన్నెలు తోముతూ పాడుకుంటుంది. ఐదోదాకా పాడి, ఆగి, మళ్ళీ మొదటికి వస్తుంది.

ఆమె ఉండేది మనవరాలి దగ్గర, కింది అంతస్తులో రెండు గదుల వాటా. మనవరాలిని పిచ్చుక అంటారు. చిన్నప్పుడు ఏది పెట్టినా నాలుగు మెతుకులు పొడిచి లేచిపోయేదని ఆ పేరు పెట్టింది అమ్మమ్మే. పుట్టిన ఏడాదికే తల్లి పోతే పిల్ల ఈమె ఒళ్ళోనే పెరిగింది. మూడో తరగతిలో ఉండగా పలక తెచ్చి అమ్మమ్మ ఒళ్ళో పెట్టి, "టీచరు ఆట ఆడదాం. నువ్వు మొద్దమ్మాయివి," అంది. ఆ ఆట రెండేళ్ళు నడిచింది. యాభై దాటాక అమ్మమ్మకు అలా అక్షరాలు వచ్చాయి. అంకెలూ వచ్చాయి. దుకాణం బోర్డు ఒక్కటీ వదలకుండా చదువుతూ నడిచేది చాలా రోజులు. ప్రపంచం అంతా ఏదో ఒకటి చెబుతూనే ఉందని, తనకే ఇన్నాళ్ళూ వినబడలేదని ఆమెకు ఆశ్చర్యం.

వంటగది తలుపు పక్కనుంచి పడకగది దాకా గోడ పొడుగునా ఒక బొమ్మ అంటించి ఉంటుంది. ఎర్రగ్రహం మీది పగులు. పిచ్చుక ఉద్యోగం ఆ పగులు గురించే. ఒక చివర తెల్లారి ఎండెక్కిన చాలాసేపటికి గానీ రెండో చివర తెల్లారదట, అంత పొడుగు. కొండల్ని దించితే మునిగిపోతాయట, అంత లోతు.

"ఏ నది కోసింది తల్లీ దీన్ని?" అని అడిగింది అమ్మమ్మ, బొమ్మ అంటించిన రోజు.

"నది కొయ్యలేదు. ఏదీ, నీ కాలిలా పెట్టు." పిచ్చుక ఆమె మడమ పట్టుకుని చూపించింది. "ఇదెవరు కోశారు? చర్మం బిగిసి, అటూ ఇటూ లాగితే చిట్లింది. అక్కడా అంతే. పక్కన పెద్ద పెద్ద అగ్నిపర్వతాలు ఉబ్బాయి. ఆ ఉబ్బుకు నేల సాగి సాగి చిట్లిపోయింది. మధ్యలో ముక్క కిందికి కూరుకుపోయింది. ఆ తర్వాత గోడలు విరిగిపడి వెడల్పయింది."

"మరి ఇన్నేళ్ళూ మందు రాసేవాళ్ళే లేకపోయారా దానికి?"

"అక్కడ మనుషులు లేరు అమ్మమ్మా."

"అదే మరి. ఒంటరిదాని మడమ," అంది అమ్మమ్మ.

పగులు గోడలో ఒక సన్నని చీలిక ఉంది. దాని గట్టునుంచి తీగ మీద ఒక యంత్రాన్ని దించుతున్నారు. సాలీడు అని పిలుస్తారు దాన్ని. సాలీడుకు చిన్న సుత్తి ఉంటుంది. గోడ మీద కొడుతుంది, ఆ అదురు తిరిగి వచ్చేది వింటుంది, ఆ శబ్దాన్ని ఇక్కడికి పంపుతుంది. దాన్నిబట్టి ఏ పొర ఎంత మందమో, ఎంత గట్టిదో చెప్పగలరు. అన్నిటికంటే కింద చెమ్మ ఉందా లేదా అన్నదే పిచ్చుక రెండేళ్ళ ఆరాటం.

ఆ చీలిక గోడ ఫోటో మొదటిసారి ఇంటికి తెచ్చినప్పుడు అమ్మమ్మ వేలు పెట్టి పైనుంచి కిందికి జరుపుతూ, ఆలోచించకుండానే పాడింది. ఎర్రటి దుమ్ము. దాని కింద పొర మీద పొరగా నల్లటి లావా రాయి. బూడిద. ఉప్పులాంటి తెల్లటి పట్టీ. ఒకప్పుడు నీళ్ళు నిలిచిన చోట ఏర్పడే జిగట మన్ను. అదే వరుస. ఒక్కటీ తప్పలేదు.

పిచ్చుక నోరు తెరుచుకుని నిలబడిపోయింది. "మేం వీటికి అంకెలు వేసుకున్నాం. నీ పేర్లే నయం."

ఆఫీసులో అందరూ ఆ పేర్లే వాడడం మొదలుపెట్టారు. పిచ్చుక అక్కడితో ఆగలేదు. ఒక్కో పొర దగ్గర సుత్తి పాట దరువులోనే కొట్టేట్టు సాలీడు ప్రోగ్రాములో రాసింది. తను కొట్టని అదుర్లు మూడు వరసగా వినబడితే, రాళ్ళు జారుతున్నాయేమోనని సాలీడు తనంతట తానే పైకి ఎక్కేయాలని కూడా రాసింది. అదీ పాటలోదే.

"ఆరోది గుర్తొస్తే చెప్పు అమ్మమ్మా. దరువు కావాలి."

"వస్తే చెప్పకుండా ఉంటానా?"

అది వచ్చింది. ఒక సాయంత్రం పిచ్చుకను మోకాళ్ళ మధ్య కూర్చోబెట్టుకుని జడ చిక్కు తీస్తోంది అమ్మమ్మ. దువ్వెన ఒక ముడిలో ఇరుక్కుంది. గట్టిగా లాగింది. ముడి విడిపోయింది. ముడితోపాటే నోట్లోంచి జారిపడింది.

నీటిచెమ్మ తగిలెనా, ఓయన్న?
మోకు లాగవె, మోకు లాగవె, ఓ చెల్లి.

"అమ్మమ్మా!" అంటూ పిచ్చుక నేల మీద అరచేత్తో దరువు వేసింది. అమ్మమ్మ కూడా పోయిన వస్తువు దొరికిన సంబరంలో రెండుసార్లు పాడింది. మూడోసారి సగంలో ఆగిపోయింది. తన పక్కన ఎవరో వచ్చి కూర్చున్నట్టనిపించింది.

"ఒకటి గుర్తుపెట్టుకో తల్లీ. గోతికంటే పాట ముందు దిగకూడదు. ఐదోది దాటాకే ఆరోది అడగాలి. ఇంకోటి. కింద మనిషి ఉన్నంతసేపూ పాట ఆపకూడదు."

"ఊ," అంది పిచ్చుక. నోటినిండా జడపిన్నులు ఉన్నాయి. మనసు దరువు మీద ఉంది.

*

ఎర్రగ్రహం రోజు మన రోజుకంటే దాదాపు నలభై నిమిషాలు పొడుగు. సాలీడుతో పనిచేసేవాళ్ళు ఆ లెక్కలోనే బతకాలి. ఇవాళ ఏడింటికి పని మొదలైతే రేపు ఏడూ నలభైకి, ఎల్లుండి ఎనిమిదీ ఇరవైకి. ఇంట్లో రెండు గడియారాలు. వాటి కింద ఒక కాగితం మీద ఏ రోజు ఎన్నింటికో అమ్మమ్మే రాసి పెడుతుంది. గుండ్రటి, పెద్ద పెద్ద అంకెలు. ఆ కాగితం చూసుకునే ఆమె వంట.

ఆ రోజు పిచ్చుక హడావుడిగా వెళ్తూ అన్నం డబ్బా మర్చిపోయింది. అమ్మమ్మ దాన్ని గుడ్డలో చుట్టుకుని, రెండు వీధులు నడిచి ఆఫీసుకు వెళ్ళింది. మిట్టమధ్యాహ్నం. రోడ్డు మీద కాలు పెడితే కాలుతోంది.

గేటు దగ్గర వాచ్‌మన్ లేచి నిలబడ్డాడు. "రండి మామ్మగారూ. అక్కడిప్పుడు పొద్దునా, సాయంత్రమా?"

"పొద్దెక్కింది నాయనా. కోడి ఎప్పుడో కూసింది."

"అక్కడ కోళ్ళు కూడా ఉన్నాయా?"

"ఉంటే మీ క్యాంటీనువాడు ఊరుకుంటాడా? ఈపాటికి అక్కడో పొయ్యి పెట్టేవాడు."

వాచ్‌మన్ నవ్వుతూ సెల్లారు తలుపు తీశాడు.

సాలీడు పంపే శబ్దాలు పట్టుకునే వినేగది సెల్లారు కింద ఇంకో అంతస్తు లోతులో ఉంటుంది. పైన లారీ వెళ్ళినా, ఎవరైనా కుర్చీ జరిపినా వినికిడి పాడవుతుందని అంత లోతున కట్టారు. మెట్లు దిగుతున్నకొద్దీ ఎండ వెనక్కి తగ్గింది. మొదటి మలుపు దగ్గర వీధి చప్పుడు ఆగిపోయింది. రెండో మలుపు దగ్గర తన చీర అంచు మెట్టుకు రాసుకునే చప్పుడు తనకే పెద్దగా వినబడింది.

మూడో మలుపు దగ్గర అమ్మమ్మ ఆగింది.

తడిమన్ను వాసన.

అందరూ ముక్కు ఎగబీల్చి సంతోషపడే వాసన అది. ఆమెకు మాత్రం చిన్నప్పటినుంచీ పడదు. తొలకరి పడితే కిటికీలు మూసుకుని కూర్చుంటుంది. వానల్లేని కాలంలో, సిమెంటు గోడల మధ్య, ఆ వాసన ఎక్కడిది?

కింద పొడుగాటి వరండా. ఒక దీపం. గోడవారగా స్టూలు. వినేగదికి మందపాటి తలుపు, తలుపు పక్కన మందపాటి అద్దం, అద్దం కింద అటూ ఇటూ మాట్లాడుకునే స్పీకరు. పిచ్చుక స్టూలు మీద కూర్చుని గోడ గడియారం చూస్తోంది. మిగతావాళ్ళు భోజనాలకు వెళ్ళారు. పక్క గదిలో సాలీడు తీగ చూసుకునే పెద్దాయన ఒక్కడే ఉన్నాడు. తీగ బాబాయ్ అంటుంది పిచ్చుక ఆయన్ని.

"డబ్బా కోసం ఇంత దూరం దిగొచ్చావా? మోకాళ్ళు నీవి కాదనుకున్నావా?"

"నాలుగు మెతుకులు పొడుచుకో ముందు."

"ఉండు అమ్మమ్మా, ఇంకాసేపట్లో నీ ఆరో చరణం వస్తోంది."

అమ్మమ్మ డబ్బా కింద పెట్టింది. "జిగటమన్ను దాటేశారా?"

"లేదు. అదే విచిత్రం. మేం అనుకున్నదానికంటే రెండింతల మందం ఉంది. సాలీడింకా దాంట్లోనే వేలాడుతోంది. ఇరవై బారల లోతులో."

"మరి ఆరోది ఎలా అడుగుతారు?"

"పొద్దునే పంపేశాను కదా. ఇక్కణ్ణుంచి ఒక మాట వెళ్ళడానికి పన్నెండు నిమిషాలు, జవాబు రావడానికి ఇంకో పన్నెండు. ఒక్కోదానికీ ఆగి అడగాలంటే ఏడాది పడుతుంది. అందుకే రోజంతా చెయ్యాల్సినవన్నీ పొద్దునే ఒక్కసారిగా పంపేస్తాం. అది తన టైము ప్రకారం చేసుకుంటూ పోతుంది."

అమ్మమ్మ గోడ పట్టుకుంది.

"ఆపించు."

"ఏంటి?"

"ఆపించు తల్లీ. వద్దని పంపు. ఇప్పుడే."

పిచ్చుక నవ్వబోయి, ఆమె మొహం చూసి మానేసింది. గడియారం చూపించింది. "పన్నెండూ పద్నాలుగయింది. సుత్తి కొట్టాల్సింది పన్నెండూ పదికి. అయిపోయింది అమ్మమ్మా. కబురే ఇంకా రాలేదు. పన్నెండూ ఇరవై రెండుకు వస్తుంది."

అయిపోయింది. కబురే రాలేదు.

ఎనిమిది నిమిషాలు ఉంది. అరవై ఏళ్ళలో ఎవరికీ చెప్పనిది అమ్మమ్మ ఆ ఎనిమిది నిమిషాల్లో చెప్పింది. స్టూలు మీద కూర్చుని, నేలవైపు చూస్తూ.

"అన్నకు పదిహేడేళ్ళు. ఆ రోజూ ఇలాగే జిగటమన్ను తెగలేదు. తట్ట వెనక తట్ట, అదే మన్ను. నాకు ఆకలేస్తోంది. ఆరోది పాడేస్తే పని అయిపోతుంది, ఇంటికెళ్ళిపోవచ్చు అనిపించింది. ఎనిమిదేళ్ళ బుర్ర. పాడేశాను."

"ఊ."

"మూడు దెబ్బలు వినబడ్డాయి. వెంటనే. అన్న గొంతు వచ్చింది కిందనుంచి. 'చెల్లీ, నేను కొట్టలేదే. నా కాళ్ళ కిందనుంచి వచ్చింది' అన్నాడు."

పిచ్చుక ఆమె ముందు నేల మీద చతికిలబడింది.

"ఆ మాట నాకొక్కదానికే వినబడింది. నాన్నకు దెబ్బలే వినబడ్డాయి. లాగండిరా అన్నాడు. ఇద్దరు మగాళ్ళు లాగారు. మోకు బరువుగా వచ్చింది. నిండు మనిషి బరువు. గట్టుదాకా బరువే. చల్లగాలి ఒకటి నా పక్కనుంచి వెళ్ళింది, తడిమన్ను వాసనతో. అప్పుడు మోకు తేలికైపోయింది. చివర చూస్తే ఎవరూ లేరు."

"జారి పడిపోయాడేమో అమ్మమ్మా."

"దీపం దించి చూశారు. అడుగు శుభ్రంగా ఉంది. గునపం నిలబెట్టి ఉంది. అన్న లేడు. నాలుగు రోజులు తవ్వారు, బండ తగిలేదాకా. నీళ్ళు లేవు, మనిషి లేడు." అమ్మమ్మ చెంగు నోటికి అడ్డం పెట్టుకుంది. "ఆ దెబ్బలు వినగానే నేను పాట ఆపేశాను. నోరు పడిపోయింది. ఆపకుండా ఉంటే ఆ పాట పట్టుకుని ఎక్కి వచ్చేవాడేమో. మా నాన్న చచ్చేదాకా నన్ను ఒక్క మాట అనలేదు. ఒక్కసారి తిట్టి ఉంటే బాగుండేది."

పిచ్చుక ఆమె రెండు చేతులూ పట్టుకుంది. "అక్కడ ఎవరూ లేరు అమ్మమ్మా. మనిషి లేడు, పురుగు లేదు. సాలీడు ఒక్కటే ఉంది."

"మా బావిలోనూ అన్న ఒక్కడే ఉన్నాడు."

పన్నెండూ ఇరవై. పిచ్చుక లేచింది. అమ్మమ్మ ఆమె మణికట్టు వదల్లేదు.

"వెళ్ళకు."

"నేను వినకపోతే ఎవరు వింటారు? రెండేళ్ళ పని. కింద చెమ్మ ఉందని తేలితే..." వేళ్ళు మెల్లగా విడిపించుకుంది. వంగి, అమ్మమ్మ నుదుటికి నుదురు ఆనించింది. "నువ్వు ఇక్కడే కూర్చుని పాడుతూ ఉండు. స్పీకరు తెరిచే ఉంచుతాను. నువ్వు పాడినంతసేపూ నేనిక్కడే ఉంటాను. సరేనా, మొద్దమ్మాయీ?"

తలుపు మూసుకుంది. పైన ఎర్రదీపం వెలిగింది.

అద్దంలోంచి పిచ్చుక కనబడుతోంది. హెడ్‌ఫోన్లు పెట్టుకుంది. వీపు నిటారుగా. నిన్న వేసిన జడ.

అమ్మమ్మ పాడింది. ఎర్రమన్ను. నల్లరాయి. బూడిదమన్ను. తెల్లసుద్ద.

స్పీకరులో దూరపు గాలిలాంటి హోరు. అందులోంచి సుత్తి చప్పుడు వచ్చింది. ఆరో చరణం దరువు. బుద్ధిగా, ఒక్క దెబ్బా తప్పకుండా.

నిశ్శబ్దం.

ఆ తర్వాత...

ఒకటి.

రెండు.

మూడు.

సుత్తి చప్పుడు అలా ఉండదు. సుత్తి చిన్నది, టక్కుమంటుంది. ఇది బరువైనది. గునపం రాతి మీద దిగినట్టు.

పిచ్చుక తల తిప్పి అద్దంలోంచి ఆమెవైపు చూసింది. నవ్వు లేదు.

స్పీకరులో తీగ బాబాయ్ గొంతు వచ్చింది. "అమ్మా పిచ్చుకా, సాలీడు పైకి ఎక్కేస్తోంది. నువ్వేమైనా పంపావా?"

"మూడు అదుర్లు విన్నది బాబాయ్. అందుకే."

"అది సరే. తీగ మీద బరువేంటి? రెండింతలు చూపిస్తోంది."

"మన్ను అంటుకుందేమో..."

"అంత మన్నా? నిండు మనిషిని మోస్తున్నట్టుంది." అంకెలు చదివాడు. "పది బారలు. ఐదు. రెండు... గట్టు దాటింది." ఏదో మీట నొక్కిన చప్పుడు. "బరువు మామూలైపోయింది. అదేం చిత్రమో. ఫోటోలో సాలీడు తప్ప ఏం లేదు."

అమ్మమ్మ పాడుతూనే ఉంది. పాడుతూనే లెక్క వేసుకుంది. అంకెలు వచ్చాయిగా ఆమెకు, ఎందుకొచ్చాయో. ఇప్పుడు విన్నది ఇప్పటిది కాదు. ఆ బరువు గట్టు దాటి పన్నెండు నిమిషాలు అయిపోయింది. కబురు ఎంత వేగంగా వచ్చిందో అంత వేగంగా ఇంకేదైనా రాగలిగితే...

తడిమన్ను వాసన ఆమె పక్కనుంచి వెళ్ళింది. చల్లగా. మెట్ల వైపునుంచి తలుపు వైపుకు.

జిగటమన్ను దాటితివా, ఓయన్న...

ఒకటి. రెండు. మూడు.

ఈసారి స్పీకరులోంచి కాదు. నేల కిందనుంచి. స్టూలు కాళ్ళు అదిరాయి. చెప్పులు విడిచిన ఆమె మడమల పగుళ్ళలోంచి ఆ అదురు మోకాళ్ళదాకా పాకింది.

పాట ఆగిపోయింది. మాట లేదు. గాలి లేదు. ఎనిమిదేళ్ళప్పుడు ఎలా పడిపోయిందో నోరు అలాగే పడిపోయింది.

అద్దం మసకబారింది. లేచి చెంగుతో తుడిచింది. పోలేదు. ఆ చెమ్మ లోపలివైపు ఉంది. దాని వెనక పిచ్చుక ఆకారం ఉంది... లేచి నిలబడినట్టు ఉంది... పొట్టిదైపోతున్నట్టు ఉంది. మెట్లు దిగుతున్న మనిషి పొట్టివాడైనట్టు. నడుముదాకా. భుజాలదాకా.

తలుపును రెండు అరచేతులతో కొట్టింది అమ్మమ్మ. మందపాటి తలుపు. చప్పుడే రాలేదు.

అప్పుడే స్పీకరులో పిచ్చుక గొంతు వచ్చింది. మెల్లగా, చాలా లోతునుంచి. ఒక్క మాట అంది.

*

వాచ్‌మన్ తాళంచెవి తెచ్చి తలుపు తీసేసరికి లోపల ఎవరూ లేరు. కుర్చీ ఉంది. నేల గట్టిగా, పొడిగా ఉంది. గోడలు కొట్టి చూశారు. తర్వాత నేల పగలగొట్టి కూడా చూశారు, నాలుగు రోజులు. కింద బండ తగిలింది. హెడ్‌ఫోన్లు చెవులకు ఆనే చోట మాత్రం కొంచెం జిగటమన్ను అంటుకుని ఉంది. తడిగా. ఏ ఊరి మన్నో పరీక్షకు పంపారు. ఆ కాగితం తీగ బాబాయ్ చదివి, మడిచి జేబులో పెట్టుకున్నాడు. అమ్మమ్మకు చూపించలేదు. చదవడం వచ్చినా ఆమె అడగలేదు.

చాలామంది వచ్చి అడిగారు, చివరిగా ఏమంది మామ్మగారూ అని. ఆఫీసు పెద్దమేడమ్ పక్కన కూర్చుని, చెయ్యి పట్టుకుని అడిగింది. ఆమె ఎవరికీ చెప్పలేదు.

ఇంట్లో గడియారాల కింది కాగితం మీద ఇప్పటికీ రోజూ రాస్తుంది. ఇవాళ ఎన్నింటికి, రేపు ఎన్నింటికి. ఆ వేళకు డబ్బా పట్టుకుని వెళ్తుంది. పాపం ముసలావిడ అని వాచ్‌మన్ తలుపు తీస్తాడు. కోళ్ళ మాట ఇప్పుడు ఇద్దరూ ఎత్తరు. స్టూలు మీద కూర్చుని, అద్దంవైపు చూడకుండా, మొదటినుంచి పాడుతుంది. ఒక్కో చరణానికి నేల కిందనుంచి ఒక్క దెబ్బ వస్తుంది. మొదట్లో బాగా వినబడేది. ఇప్పుడు చెవి నేలకు ఆనిస్తే గానీ వినబడదు. రోజు రోజుకూ ఇంకాస్త కిందనుంచి వస్తోంది.

గొంతు కూడా పోతోంది. డాక్టరు మాట్లాడొద్దన్నాడు. ఎన్నాళ్ళు పాడగలదో ఆమెకు తెలుసు, ఎక్కువ రోజులు లేవు. ఆపిన రోజు ఏమవుతుందో కూడా తెలుసు. ఎందుకంటే ఆ రోజు స్పీకరులో పిచ్చుక అన్న మాట ఇది:

"అమ్మమ్మా... ఇక్కడొకబ్బాయి నన్ను చెల్లీ అంటున్నాడు. పాట ఎందుకు ఆపావని అడుగుతున్నాడు."